పెద్దక్కలో దోసెడు నీళ్ళు

ఆ రోజు ఇంట్లో ఉన్నవాళ్ళు అవ్వ అమ్మాయమ్మ, చిన్నాయన పురుషోత్తమన్, చిన్నమ్మ రుక్మణి, మనవరాలు వసంత, పెద్దక్క. తాత సుబ్బరాయలు క్షవరానికి వెళ్ళాడు. ఏ నిమిషాన్నయినా వచ్చేస్తాడు.

వీళ్ళలో పెద్దక్క మనిషి కాదు, రాగి గంగాళం. ఉప్పళం పేటలో తెలుగువాళ్ళ ఇళ్ళలో ఎవరింట పెళ్ళి జరిగినా అన్నం ఉడికేది దాంట్లోనే. దాన్ని దాచి కాపాడే కాపరి తాత. ఇద్దరు మగవాళ్ళు చెరో చెవీ పట్టుకుంటే గాని నేల మీంచి లేవదు. మనిషి కాకపోయినా ఆ పొద్దున ఇంట్లో అందరికంటే ఎక్కువ మర్యాద దానికే జరిగింది. పెరట్లో బావి పక్కన కూర్చోబెట్టి, చింతపండుతో ఒకసారి, బూడిదతో ఒకసారి, సున్నిపిండితో మరొకసారి దాని ఒళ్ళు తోమారు.

అయినా సబ్బు వాసన పోలేదు.

అవ్వ గంగాళంలోకి తల దూర్చి ముక్కు ఎగబీల్చింది. తల బయటికి తీసి, మళ్ళీ పొయ్యమంది. రుక్మణి చేదతో నీళ్ళు కుమ్మరించింది. అంచు మడతలో ఎక్కడ దాక్కుందో, తెల్లటి నురుగు మెల్లగా బుసబుసమంటూ పైకి వచ్చింది.

"ఏందిరా ఇది, గంగాళమా సముద్రమా?" అంది అవ్వ కొడుకు వైపు చూసి. "ఎన్ని నీళ్ళు పోసినా నురుగేనా?"

అది దొరల దేశం సబ్బనీ, మన సీకాయ మాదిరి కాదనీ, ఒక్కసారి రుద్దితే వారం దాకా ఘుమఘుమలాడుతుందనీ పురుషోత్తమన్ చెప్పబోయాడు. చెబుతూ చెబుతూ తల్లి ముఖం చూశాడు. సబ్బును పొగడడం అక్కడితో ఆపేశాడు.

జరిగింది ఇదీ. తాత పొలం చూసుకోవడానికి బాహూరు వెళ్ళి ఉన్న రోజుల్లో, పెద్దక్క కొత్త కళాయి వేయించుకుని వచ్చి వసారాలో కూర్చుంది. దాని గది తాళంచెవి తాత మొలతాడుకు ఉంటుంది కాబట్టి లోపల పెట్టడానికి లేదు. సరిగ్గా ఆ రోజుల్లోనే కాలువ అవతల దొరలుండే తెల్లపట్నంలో కొత్తగా దిగిన ఒక దొర స్నానం తొట్టి రావలసిన ఓడ రాలేదు. ఈ రెండు సంగతులకూ ఒకదానితో ఒకటికి ఏ సంబంధమూ లేదు. సంబంధం కలిపింది పురుషోత్తమన్.

అతనికి పోలీసుల ఎర్ర టోపీ మీద మోజు. ఆ టోపీ తలకెక్కితే చాలు, జీతం తర్వాత చూసుకోవచ్చునని అతని లెక్క. అందుకని రోజూ కాలువ దాటి వెళ్ళి ఆ దొర గేటు ముందు నిలబడి సలాం కొట్టి వచ్చేవాడు. దొర తొట్టి లేక చెంబుతో స్నానం చేస్తున్నాడనీ, అందువల్ల ఎవరిమీద పడితే వాళ్ళ మీద విసుక్కుంటున్నాడనీ వంటమనిషి చెప్పాడు. ఆ మాట వినగానే పురుషోత్తమన్ నోట్లోంచి, "మా ఇంట్లో ఉండాది" అనే మాట దానంతటది వచ్చేసింది. ఆ రాత్రే మనుషుల చేత పెద్దక్కను కాలువ దాటించి, కళాయివాడి దగ్గరికి మళ్ళీ పంపానని ఇంట్లో చెప్పాడు.

దొర దాంట్లో మోకాళ్ళు ముడుచుకుని కూర్చుని, గడ్డం మోకాళ్ళ మీద ఆనించి, పాట కూడా పాడేవాడట. ఈ సంగతి పురుషోత్తమన్ ఎందుకు చెప్పాడో ఎవరికీ తెలియదు. చెప్పకపోతే అవ్వకు ఆ దృశ్యం కళ్ళ ముందుకు వచ్చేది కాదు. ఇప్పుడు గంగాళం వైపు చూసినప్పుడల్లా వస్తోంది.

ఆ పొద్దున పెద్దక్క తిరిగి వచ్చిన తీరు ఇంకా గొప్పగా ఉంది. దొర సంతోషపడి తన పుష్ పుష్ బండి ఇచ్చాడు. మెత్తటి దిండు మీద గంగాళాన్ని కూర్చోబెట్టి, ఎవరూ చూడకుండా దానిమీద దుప్పటి కప్పి, వెనక ఒక మనిషి తోస్తుంటే పక్కన పురుషోత్తమన్ నడుస్తూ వచ్చాడు. ఎదురింటి తిన్నె మీద కూర్చున్న ముసలి మునియప్పన్, ముసుగు వేసుకున్న దొరసాని ఎవరో వస్తోందనుకుని లేచి నిలబడి, తలపాగా తీసి వంగి దండం పెట్టాడు.

వసంత తలుపు తీసింది, దుప్పటి కిందికి తొంగి చూసింది, అడుగున మిగిలిపోయిన సబ్బు బిళ్ళ చూసింది. అలా అందరికంటే ముందు సంగతి తెలిసింది ఆ పిల్లకే.

ఇదంతా మామూలు రోజు జరిగి ఉంటే ఒక తిట్టు, రెండు తోముళ్ళతో పోయేది. కానీ రేపు మురుకులమ్మే మణియమ్మ కూతురి పెళ్ళి. ఈ సాయంత్రం పెద్దక్కను మణియమ్మకు అప్పగించాలి.

పెద్దక్కకు రెండు కట్టుబాట్లు ఉన్నాయి. వాడుకున్నవాళ్ళు తిరిగి ఇచ్చేముందు కొత్త కళాయి వేయించాలి. తమ వంటకు కాదు, తమ వెనక వచ్చేవాళ్ళ వంటకు. ఆ వచ్చేది చుట్టమో, పగవాడో ఎవరికీ తెలియదు. అయినా వేయించాలి. ఇక రెండోది కాపరి కట్టుబాటు. అప్పగించేటప్పుడు కాపరి ఇంటి పెద్ద గంగాళంలో చెంబెడు నీళ్ళు పోసి, అందులోంచి దోసెడు తీసుకుని, తీసుకువెళ్ళేవాళ్ళ ఎదుట తాగాలి. కళాయి సరిగా లేని రాగి కడుపును తిప్పుతుంది కనుక, తిప్పేదేదో ముందు కాపరి కడుపునే తిప్పాలని పెద్దలు పెట్టారు. తాగి, "ఇది శుభ్రం. నా మాట" అని చెప్పాలి.

తాత తండ్రి ఆ మాట చెప్పాడు. తాత ఇన్నేళ్ళూ చెబుతున్నాడు. ఒక్కసారి కూడా ఆ మాట అబద్ధం కాలేదు.

"మామకి చెప్పేస్తాం అత్తా" అంది రుక్మణి.

చెబితే ఏమవుతుందో అవ్వ వివరించింది. ఆయనకు చెప్పడమూ, వీధిలో తప్పెట కొట్టించడమూ ఒకటే. తన ఇంటి తప్పును తనే తిన్నె మీద నిలబడి చెబుతాడు. కాపరి పని మాకు వద్దంటాడు. ఇన్నేళ్ళ పేరు ఒక్క పూటలో పోతుంది. మణియమ్మ అన్నానికి గంగాళం ఉండదు. చివరికి పురుషోత్తమన్ ఇంట్లో ఉండడు.

"నేను యాడికి పొయ్యేది?" అన్నాడు పురుషోత్తమన్ దిగులుగా.

"దొర ఇంటికి పో. ఇప్పుడు తొట్టి లేదు గదా, నువ్వు నీళ్ళు పొయ్యి" అంది రుక్మణి.

మళ్ళీ కళాయి వేయిద్దామంటే కళాయివాడు విల్లియనూరులో ఉన్నాడు, ఎల్లుండి గాని రాడు. వీధిలో ఇంకొక గంగాళం లేదు.  గంగాళంలో నురుగు చిటపటమని ఏదో చెప్పబోయింది.

చివరికి అవ్వ తీర్పు చెప్పింది. రేపు దీనికింద మంట పెడతారు, మంట తగిలితే ఏ మైలయినా పోతుంది. పోయేదాన్ని గురించి ఇవాళ చెప్పడమెందుకు? కళాయివాడి దగ్గర ఆలస్యమైంది, పొద్దున్నే తెచ్చాం, అంతే.

"మరి మామ దోసెడు నీళ్ళు తాగేది మంట పెట్టక ముందు గదా" అంది రుక్మణి.

 అవ్వ ఇరుకున పడినప్పుడు ఎప్పుడూ చేసే పనే చేసింది. సాంబ్రాణి తెమ్మంది.

ముగ్గురూ అప్పుడు వసంత వైపు చూశారు. వసంత అప్పటిదాకా బావి గట్టు మీద కూర్చుని తడి పీచును వేళ్ళతో విడదీస్తోంది.

"దీని సంగతి వదులు" అన్నాడు పురుషోత్తమన్ ధైర్యం తెచ్చుకుని. "దీనికి చెప్పినా గోడకి చెప్పినా ఒకటే. మన వసంత నోరు తెరిచి ఎవురన్నా చూసినారా?"

అవ్వ వచ్చి వసంత తల నిమిరింది. "నా బంగారం. మాట్లాడని బిడ్డ ఇంటికి ఎంత మేలో ఇప్పుడు తెలస్తా ఉండాది" అంది.

వసంత తల వంచుకుంది. ఆ పిల్ల అమ్మా నాన్నా బాహూరు పొలం దగ్గర ఉంటారు. అక్కడి తిన్నె బడిలో చదువుకున్నప్పుడు ప్రతి ప్రశ్నకూ జవాబు తెలిసేది, కానీ అది గొంతు దాకా వచ్చి అక్కడే కూర్చునేది. ఈ పిల్లకు మాటలు రావేమోనని అయ్యవారు చాలాకాలం జాలిపడి, తర్వాత పలక మీద రాతలు చూసి ఆశ్చర్యపోయాడు. పట్నం వచ్చాక కూడా అంతే. మనసులో పేజీలకు పేజీలు మాట్లాడుకుంటుంది. బయటికి వచ్చేది ఊఁ, ఉహూఁ.

*

తాత నున్నగా గీయించుకున్న గడ్డంతో, చంకలో గొడుగుతో, మొలతాడుకు వేలాడే జానెడు తాళంచెవితో వచ్చాడు. ఆ తాళంచెవి బరువుకు ఆయన ఎడమ పక్కకు కొంచెం ఒరిగి నడుస్తాడు. వీపు దురదపెడితే దాంతోనే గోక్కుంటాడు.

ఇంట్లో సాంబ్రాణి పొగ మనిషికి మనిషి కనబడనంతగా కమ్ముకుని ఉంది. శుభకార్యం రోజున ఇంటికి ఇంత కళ ఉండాలని తాత మెచ్చుకున్నాడు. దగ్గుతూనే పెరట్లోకి వెళ్ళి పెద్దక్కను చూసి నిలబడిపోయాడు.

"పెద్దక్క ఇంత నిగనిగలాడేది నేను ఎన్నడూ చూడలే" అన్నాడు. "ఈ తూరి కళాయివాడు మనసు పెట్టి చేసినాడు. వాడికి ఒక పంచె పెట్టాల."

అవ్వకు పొలమారింది. పొగ వల్ల అంది.

తాత గంగాళాన్ని వసారాలోకి చేర్పించి, దాని ఎదుట పీట వేసుకుని, వసంతను పక్కన కూర్చోబెట్టుకున్నాడు. ఈసారి అప్పగింతకు ఆయన ఒక ఉపన్యాసం ఇవ్వబోతున్నాడు. కిందటి ఏడు దొరల జూలై పండగనాడు సముద్రపు ఒడ్డున ఒక పెద్ద ఉద్యోగి మాట్లాడుతుండగా తాత విన్నాడు. అది పరాసు భాష, దొరల ఫ్రెంచి. ఒక్క ముక్క అర్థం కాలేదు. కానీ ఆ ఛాతీ విరుపూ, ఆ చెయ్యి ఎత్తడమూ, మధ్యలో ఆగి అందరినీ చూడడమూ చూసి, మంచి మాట చెప్పాలంటే ఇలా చెప్పాలని నిశ్చయించుకున్నాడు. అప్పటినుంచీ మాటలు కూడబెడుతున్నాడు. ఆయనకు చదువు రాదు. మరిచిపోయినచోట అందించడానికి వసంతను పెట్టుకున్నాడు. చెవిలో గుసగుసగా ఒక్క మాట అందిస్తే చాలు, తాత దాన్ని అందుకుని గంట కొట్టినట్టు పలుకుతాడు. గుసగుసలకు వసంత గొంతు సరిగ్గా సరిపోయింది.

తాత లేచి ఛాతీ విరిచి, చెయ్యి ఎత్తి, గంగాళంలోకి వంగి మొదలుపెట్టాడు. అందులో ఆయన గొంతు రెండింతలై తిరిగి వచ్చింది. అది ఆయనకు చాలా నచ్చింది.

"మన పెద్దోళ్ళు ఇంటికొక రాగి చెంబు ఇచ్చినారు. అన్నీ కరిగించి ఈ పెద్దక్కని చేసినారు. ఎవురి చెంబు యాడ ఉండాదో ఇప్పుడు చెప్పలేం. అందువల్ల ఇది ఎవురిదీ కాదు. నాదీ కాదు. నేను కాపలావాణ్ణి. నిన్నటోళ్ళు ఇచ్చినారు, రేపటోళ్ళు తీసుకుంటారు. నడాన నేను చెడపకుండా ఉండాల. అంతే నా పని."

వసంత విన్నది. ఈ మాటలు ఆ పిల్ల ఎన్నోసార్లు విన్నది. కానీ ఇవాళ ఒక్కొక్క మాటా గంగాళంలోంచి తిరిగి వచ్చి, సన్నగా సబ్బు వాసన కూడా తీసుకొచ్చింది.

తాత ఆగాడు. "తర్వాత ఏందమ్మా? పుట్టని బిడ్డలు అని ఏదో వస్తుంది."

నిజానికి అక్కడ తాత ఏమీ కూడబెట్టలేదు. పుట్టని బిడ్డల పెళ్ళి అన్నం కూడా దీంట్లోనే ఉడకాలని అనుకున్నాడు గాని, అది మాటల్లో కుదరలేదు. వసంత కాసేపు ఆలోచించి ఆయన చెవి దగ్గరికి వంగింది.

"పుట్టని బిడ్డలు వచ్చి మనల్ని అడగలేరు. అందుకని వాళ్ళ తరపున ఎవురైనా ఒకరు మాట్లాడాల."

తాత కళ్ళు మెరిశాయి. "అదే. నేను అనుకున్నది అదే" అన్నాడు. వెంటనే చెయ్యి ఎత్తి ఆ మాటను గంగాళంలోకి వదిలాడు. అది గిర్రున తిరిగి వసంత ముఖం మీదికే వచ్చింది.

వసంతకు చెంపలు వేడెక్కాయి. ఎవురైనా ఒకరు. పెరట్లో ముగ్గురున్నారు, వాళ్ళు మాట్లాడరు. పీట పక్కన తను ఒక్కతే ఉంది.

"తాతా" అంది.

"ఉండు, ఉండు. చెప్పబాకు. తర్వాతది నాకే వస్తుంది" అన్నాడు తాత కళ్ళు మూసుకుని.

ఇంకాసేపటికి మళ్ళీ, "తాతా" అంది.

"గుర్తుండాది లేమ్మా. నువ్వు తొందరపడి అందిస్తే నా మతి మొద్దుబారిపోతుంది."

మూడోసారి ఆ మాట గొంతు దాకా వచ్చి, పాత అలవాటు ప్రకారం అక్కడే కూర్చుంది.

*

మధ్యాహ్నం భోజనాల దగ్గర రుక్మణి మొగుడి విస్తట్లో అన్నం పెట్టింది గాని, దాని పక్కన వేరే ఏదీ పెట్టలేదు. పురుషోత్తమన్ అడగనూ లేదు. ఒట్టి అన్నం ముద్దలు చేసుకుని వాటి వైపు చూస్తూ కూర్చున్నాడు. అవ్వ నెయ్యి గిన్నె పట్టుకుని తిరుగుతూ, వేసినవాళ్ళకే మళ్ళీ వేసింది.

ఇంత నిశ్శబ్దం తన ఉపన్యాసం మీద గౌరవంతోనే అనుకున్నాడు తాత. ఆయనకు మనసు మెత్తబడింది.

"పురుషోత్తమా" అన్నాడు. "నువ్వు ఆ ఎర్ర టోపీ కోసరం తిరిగింది చాలు. నాకు మోకాళ్ళు పట్టేస్తా ఉండాయి. ఈ పొద్దు అందరి ముందర నేను నీళ్ళు తాగినాక, ఈ తాళంచెవి నీ చేతిలో పెడతా. ఇంక పెద్దక్కకి నువ్వే కాపరి."

పురుషోత్తమన్ నోట్లో ఉన్న ఒట్టి అన్నం ముందుకూ వెనక్కూ పోకుండా నిలబడిపోయింది. కళ్ళలో నీళ్ళు తిరిగాయి. దొరికిన పదవికి కొడుకు ఆనందబాష్పాలు రాల్చాడని తాత మురిసిపోయి, వీపు మీద తట్టాడు.

రుక్మణి అప్పుడు లోపలికి వెళ్ళింది. వంకాయ కూర తెచ్చింది. మొగుడి విస్తట్లో కాదు, వసంత విస్తట్లో వేసింది. వేస్తూ వసంత కళ్ళలోకి ఒక్క క్షణం చూసింది. ఆ చూపులో ఏముందో వసంతకు తెలిసినట్టే ఉంది, తెలియనట్టే ఉంది.

*

దీపాలు పెట్టే వేళకు మణియమ్మ వచ్చింది. ఆమె మొగుడు పోయాక మురుకులు చేసి, సముద్రపు గాలికి వచ్చే జనానికి అమ్మి పిల్లను పెంచింది. అరిచి అరిచి అమ్మడం అలవాటై, పక్కన ఉన్నవాళ్ళతో కూడా వీధి చివర ఉన్నవాళ్ళతో మాట్లాడినట్టే మాట్లాడుతుంది. ఇవాళ పసుపు పూసుకున్న చేతులతో, పూల తట్టతో, గొంతు తగ్గించుకుని వచ్చింది. వెంట వంటవాడు చెల్లప్పన్, వాడి మనిషి ఒకడు, గంగాళం మోయడానికి ఒక లావుపాటి కర్ర.

వీధివాళ్ళు వాకిట్లో చేరారు. ముసలి మునియప్పన్ ముందు వరసలో కూర్చున్నాడు. మణియమ్మ పెద్దక్క చెవులకు పూలు చుట్టి, అంచుకు పసుపు రాసి, నేలకు తల ఆనించి మొక్కింది.

"నా పెండ్లికి దీంట్లోనే వండినారు పెదనాయనా" అంది. "మా అమ్మ పెండ్లికీ దీంట్లోనే. మా చిన్నమ్మాళు పెండ్లికి కూడా ఇది మా వాకిట్లోకి వస్తే, ఆయన లేని లోటు నాకు సగం తీరినట్టే."

పురుషోత్తమన్ స్తంభం వెనక ఉన్నాడు. స్తంభం సన్నం, అతను లావు. అవ్వ మూడోసారి సాంబ్రాణి వేసింది.

తాత చెంబెడు నీళ్ళు గంగాళంలో పోశాడు. వంగి దోసిలి నింపుకున్నాడు. తాగే ముందు మాట్లాడాలి గనుక, నీళ్ళ దోసిలి ఛాతీ దగ్గర పట్టుకుని నిటారుగా నిలబడ్డాడు. చెయ్యి ఎత్తడానికి వీలు లేదు కాబట్టి గడ్డం ఎత్తాడు. ఇంటికో చెంబు కరిగించిన సంగతి చెప్పాడు. ఎవరిదీ కాదన్నాడు. నడుమ చెడపకుండా ఉండడమే తన పనన్నాడు. జనం కదలకుండా విన్నారు. మణియమ్మ కొంగుతో కళ్ళు ఒత్తుకుంది. చెల్లప్పన్ కూడా కర్ర కింద పెట్టి విన్నాడు.

"పుట్టని బిడ్డలు..." అన్నాడు తాత. ఆగాడు. ఆ ఆగడం జూలై పండగనాటి ఆగడం కాదు. నిజంగా మరిచిపోయాడు. వేళ్ళ సందుల్లోంచి నీళ్ళు ఒక్కొక్క చుక్కే కారుతున్నాయి. ఆయన తల కొంచెం వంచి చెవిని వసంత వైపు తిప్పాడు.

వీధి మొత్తం ఆ చెవి వైపు చూసింది.

వసంతకు అందించవలసిన మాట తెలుసు. అది తన మాటే. మణియమ్మ పసుపు చేతులు కనిపించాయి. దోసిట్లో సగం మిగిలిన నీళ్ళు కనిపించాయి. నోరు తెరిచింది. గొంతులో పొద్దున్నుంచీ కూర్చున్నది లేచి బయటికి వచ్చింది.

"తాగబాకు తాతా. దీంట్లో దొర స్నానం చేసినాడు."

తాత అలవాటు ప్రకారం గడ్డం ఎత్తి, గంట కొట్టినట్టు అందుకున్నాడు.

"తాగబాకు తాతా! దీంట్లో దొర స్నానం..."

 తాత నోరు తెరిచినది తెరిచినట్టే ఉంది. ఆయన మెల్లగా వసంత వైపు చూశాడు, స్తంభం వైపు చూశాడు, స్తంభానికి రెండు వైపులా కనిపిస్తున్న కొడుకు వైపు చూశాడు. దోసిలి తనంతట తనే విడిపోయింది. నీళ్ళు గంగాళంలో పడ్డాయి. పడినచోట, అన్ని తోముళ్ళ తర్వాత కూడా, చిన్నదిగా, తెల్లగా నురుగు లేచింది.

"అయితే" అన్నాడు మునియప్పన్, "పొద్దున నేను తలపాగా తీసి దండం పెట్టింది దీనికా?"

ఎవరో నవ్వారు. ఎవరో ఛీ అన్నారు. చెల్లప్పన్ కర్ర మళ్ళీ భుజాన వేసుకుని, దాన్నిక ఏం చెయ్యాలో తెలియక అలాగే నిలబడ్డాడు. దొర కాదు, మన పురుషోత్తమన్ కూర్చుని ఉన్నా ఇంతే గదా అని అవ్వ అనబోయింది. దానివల్ల ఒరిగేదేమీ లేదని ఆమెకే తోచినట్టుంది, సగంలో మానేసింది. అందరికంటే ఎక్కువ అరవవలసిన మణియమ్మ అరవలేదు. పెద్దక్క చెవికి తాను చుట్టిన పూలను చూస్తూ ఉండిపోయింది.

తాత పంచె సర్దుకుని ఇంట్లోకి నడిచాడు. ఆయన చీకట్లో గడప తగిలి పడతాడని వసంత దీపం తీసుకుని వెనకే పరుగెత్తింది.

తన గది గుమ్మంలో తాత ఆగి వెనక్కి తిరిగాడు.

"నిజం చెప్పినావు. మంచిదే" అన్నాడు. గొంతులో కోపం లేదు. కోపం ఉంటే బాగుండుననిపించింది వసంతకు. "పొద్దున్నుంచీ నా పక్కన కూర్చొని ఆ మాటలన్నీ అందించింది నువ్వే గదా. అప్పుడు కూడా తెలుసునా నీకు?"

వసంత తల ఊపింది. రెండుసార్లు పిలిచాను తాతా, నువ్వు ఉండు ఉండన్నావు. ఇదంతా మనసులో చెప్పుకుంది. బయటికి ఊఁ అని కూడా రాలేదు.

తాత మొలతాడు ముడి విప్పాడు. చాలా ఏళ్ళుగా బిగుసుకుపోయిన ముడి, గోళ్ళతో లాగవలసి వచ్చింది. తాళంచెవి చేతిలోకి వచ్చాక ఆయన ఎడమ పక్కకు ఒరగకుండా నిటారుగా నిలబడ్డాడు. అది ఆయనకే కొత్తగా ఉన్నట్టు తూలి గుమ్మం పట్టుకున్నాడు. వసంత చెయ్యి తీసుకుని అరచేతిలో తాళంచెవి పెట్టి వేళ్ళు మూశాడు. ఆయన ఒంటి వేడి ఇంకా దానిమీద ఉంది.

"చిన్నాయనకి ఇయ్యాలనా తాతా?" అంది వసంత. ఆ పూటకు అది ఆమె రెండో మాట.

 అప్పటికి వాకిట్లో మణియమ్మకు గొంతు వచ్చింది. వీధి చివరివాళ్ళకు కూడా వినపడే ఆ పాత గొంతు ఇల్లు దాటుకుని లోపలికి వచ్చింది.

"తెల్లవారితే పొయ్యి వెలిగించాల. నా బిడ్డ పెండ్లి అన్నం దేంట్లో వండేది? ఎవురైనా ఒకరు చెప్పండి."

తాత ఆ గొంతు వైపు చూశాడు. తర్వాత వసంత గుప్పిట వైపు చూశాడు.

"కాపరిని అడగతా ఉండాది, విన్నావా" అన్నాడు. "పో. చెప్పు."

తలుపు మూశాడు. లోపల గడియ పడింది.